ఉత్తరం ఖాళీగా లేదు

అందరికీ నమస్కారం. పెద్దలకు, విద్యార్థులకు, సెలవు రోజున కూడా ఓపిగ్గా వచ్చి కూర్చున్న మీ అందరికీ కృతజ్ఞతలు.

వాతావరణ మార్పుల గురించి ఎక్కడ మాట్లాడినా చివర్లో ఒక ప్రశ్న తప్పకుండా వస్తుంది. "వేడి దేశాల్లో బతకడం కష్టమైపోతే, ఉత్తరాన ఉన్న చలి దేశాలు హాయిగా మారతాయి కదా, జనం అటు వెళ్ళిపోతే సరిపోతుంది కదా?" అని. అడిగేవాళ్ళను తప్పుపట్టను. పటం ముందు పెట్టుకుంటే ఎవరికైనా అలాగే అనిపిస్తుంది. కెనడా, రష్యా, గ్రీన్‌లాండ్, స్కాండినేవియా ఉత్తర భాగం. బోలెడంత నేల, గుప్పెడు జనం. చలి ఒక్కటే అడ్డు, అది కాస్తా తగ్గుతోంది. ఇంకేం కావాలి?

ఈరోజు నేను మాట్లాడేది ఈ ప్రశ్న గురించే. నా జవాబు ముందే చెప్పేస్తాను. వేడి పెరిగితే ఉత్తరాన మొదట జరిగేది అక్కడి నేల కుదురు తప్పడం. మొదట ఇల్లు వదిలి వెళ్ళాల్సి వస్తున్నది అక్కడ వేల ఏళ్ళుగా ఉన్నవాళ్ళకే. ఇక మిగతా ప్రపంచం అటు వెళ్తుందా లేదా అన్నది థర్మామీటరు తేల్చే విషయం కాదు. నేల, ఇళ్ళు, చట్టాలు, చేతిలో ఉన్న డబ్బు, ఇవి తేలుస్తాయి. ఒక్కొక్కటీ చూద్దాం.

ముందు వేగం సంగతి. భూమి మొత్తం సగటున ఎంత వేగంగా వేడెక్కుతోందో, ఉత్తర ధ్రువం చుట్టూ ఉన్న ఆర్కిటిక్ ప్రాంతం దానికి దాదాపు నాలుగు రెట్లు వేగంగా వేడెక్కుతోంది. 1979 నుంచి ఉన్న కొలతలన్నీ చూసి 2022లో శాస్త్రవేత్తలు తేల్చిన లెక్క ఇది. కారణాలు చాలా ఉన్నాయి, వాటిలో తేలిగ్గా అర్థమయ్యేది ఒకటి చెప్తాను. మంచు పరుచుకున్న సముద్రం తన మీద పడ్డ ఎండలో ఎక్కువ భాగాన్ని వెనక్కి పంపేస్తుంది. మంచు కరిగి నల్లటి నీళ్ళు బయటపడితే, అదే ఎండలో తొంభై శాతానికి పైగా ఆ నీళ్ళే పీల్చుకుంటాయి. నీళ్ళు వేడెక్కితే పక్కనున్న మంచు కరుగుతుంది, ఇంకాస్త నీరు బయటపడుతుంది. ఏటా సెప్టెంబరులో ఆర్కిటిక్ సముద్రపు మంచు అతి తక్కువకు దిగుతుంది. 1980లలో అప్పుడు కూడా దాదాపు 70 లక్షల చదరపు కిలోమీటర్లు మిగిలేది. 2012లో అది 34 లక్షలకు పడిపోయింది. ఆ తర్వాత అంత కిందకి దిగలేదు గానీ, పాత స్థాయికి ఒక్క ఏడు కూడా చేరలేదు.

వెర్ఖోయాన్స్క్ అనే ఊరు ఆర్కిటిక్ వలయానికి కూడా పైన, సైబీరియాలో ఉంది. చలికాలంలో మైనస్ 67 డిగ్రీలు చూసిన ఊరు. 2020 జూన్ 20న అక్కడ 38 డిగ్రీల ఎండ కాసింది. ప్రపంచ వాతావరణ సంస్థ ఆ అంకెను పరిశీలించి మరుసటి ఏడాది ధ్రువీకరించింది.

ఇప్పుడు అసలు విషయానికి, నేల దగ్గరికి వద్దాం. ఇక్కడ కాస్త ఎక్కువసేపు ఆగుతాను, ఎందుకంటే ఉత్తరం గురించి మాట్లాడేవాళ్ళు ఎక్కువమంది ఆకాశం వైపు చూస్తారు గానీ కాళ్ళ కింద చూడరు.

సైబీరియాలో యాకుత్స్క్ అనే నగరం ఉంది. మూడు లక్షలకు పైగా జనాభా. జనవరిలో సగటు ఉష్ణోగ్రత మైనస్ 38 దాకా ఉంటుంది. 1820ల చివర్లో అక్కడ షెర్గిన్ అనే ఆయన, ఒక వర్తక కంపెనీ అధికారి, ఇంటి ఆవరణలో మంచినీళ్ళ బావి తవ్వించడం మొదలుపెట్టాడు. కొన్ని మీటర్లు తవ్వారు, మట్టి రాయిలా గడ్డకట్టి ఉంది. ఇంకా తవ్వారు, అదే మట్టి, అదే గడ్డ. ఎక్కడో ఒకచోట కరిగిన నేల తగలకపోతుందా అని ఏళ్ళ తరబడి తవ్వుతూనే పోయారు. చివరికి 116 మీటర్ల లోతున ఆపేశారు. నీళ్ళు పడలేదు. అంత లోతున కూడా నేల గడ్డకట్టే ఉంది. ఆ తర్వాత 1844లో మిడెన్‌డార్ఫ్ అనే శాస్త్రవేత్త అదే బావిలోకి థర్మామీటర్లు దింపి, లోతు పెరిగేకొద్దీ నేల ఎంత చల్లగా ఉందో కొలిచాడు. నీళ్ళు పడని బావి విజ్ఞానానికి పనికొచ్చింది.

ఇలా ఏళ్ళ తరబడి కరగకుండా ఉండే నేలను పర్మాఫ్రాస్ట్ అంటారు. రష్యా భూభాగంలో సగానికి మించి ఇదే. కెనడా, అలాస్కాల్లో కూడా విస్తారంగా ఉంది. ఎండాకాలంలో పైనున్న పొర కొద్దిగా కరిగి మళ్ళీ గడ్డకడుతుంది. దాని మీదే గడ్డి, నాచు, పొదలు బతుకుతాయి.

అలాంటి నేల మీద ఇల్లు ఎలా కడతారు? యాకుత్స్క్‌లో అపార్టుమెంట్లు నేలకు ఆనవు. లోతుగా గడ్డకట్టిన మట్టిలోకి కాంక్రీటు స్తంభాలు దింపి, వాటి మీద భవనం నిలబెడతారు. కింద ఖాళీ వదులుతారు. ఇంట్లో వెచ్చదనం నేలకు తగలకుండా, చలిగాలి ఆ ఖాళీలోంచి అటూ ఇటూ తిరుగుతూ నేలను గడ్డగానే ఉంచాలి. వేడినీళ్ళ పైపులు కూడా భూమిలో పూడ్చరు. బట్ట చుట్టి, రేకు చుట్టి, పైనే వీధుల వెంట తీసుకెళ్తారు, రోడ్డు అడ్డం వస్తే కమానులా పైకి లేపి దాటిస్తారు. ఆ నగరం మొత్తం చలిని నమ్ముకుని కట్టిన నగరం.

మరి ఆ చలి సడలితే? నేల పూర్తిగా కరగాల్సిన అవసరం కూడా లేదండీ. గడ్డకట్టిన మట్టి స్తంభాన్ని గట్టిగా పట్టుకుని ఉంటుంది, ఆ పట్టు ఎంత అన్నది మట్టి ఎంత చల్లగా ఉందన్న దాని మీద ఆధారపడుతుంది. మైనస్ 5 నుంచి మైనస్ 1కి వచ్చిందంటే మట్టి ఇంకా గడ్డకట్టే ఉంటుంది, కానీ పట్టు బాగా తగ్గిపోతుంది. గోడల్లో పగుళ్ళు మొదలవుతాయి. నేలలో మంచు పలకలు పలకలుగా ఉన్నచోట అది కరిగితే నేల ఒక్కసారిగా కుంగుతుంది. రోడ్డు అలల్లా తయారవుతుంది, రైలుపట్టా వంకర్లు పోతుంది, పైపులైను విరుగుతుంది. 2020 మే 29న ఆర్కిటిక్ నగరం నోరిల్స్క్ దగ్గర ఒక విద్యుత్ కేంద్రపు డీజిల్ ట్యాంకు కుంగి పగిలి, దాదాపు 21 వేల టన్నుల ఇంధనం ఒలికింది. నదులు ఎర్రగా మారిన ఉపగ్రహ చిత్రాలు చాలామంది చూసే ఉంటారు. పునాది కింద నేల కరగడమే కారణమని యాజమాన్యం అంది. నిర్వహణ లోపాలు కూడా బయటపడ్డాయి. నేల మారిపోతోందని తెలిసినా పాత తనిఖీలతోనే నెట్టుకొస్తే ఏమవుతుందో అక్కడ కనబడింది.

ఇంకొక మాట చెప్పి ముందుకు వెళ్తాను. ఈ గడ్డకట్టిన నేలలో వేల ఏళ్ళ నాటి వేర్లు, ఆకులు, జంతువుల కళేబరాలు కుళ్ళకుండా ఉండిపోయాయి. వాటిలో ఉన్న కార్బన్ ఇప్పుడు గాలిలో ఉన్నదానికి దాదాపు రెండు రెట్లు. నేల కరిగితే సూక్ష్మజీవులు పని మొదలుపెడతాయి, ఆ కార్బన్‌లో కొంత బొగ్గుపులుసు వాయువుగానో మీథేన్‌గానో పైకి వస్తుంది. అంతా ఒక్కసారి పేలిపోతుందని భయపెట్టే కథనాలు వస్తుంటాయి, అలా కాదు. దశాబ్దాలు, శతాబ్దాల పాటు నెమ్మదిగా వస్తుంది. కానీ వస్తుంది. దానికి మన ఫ్యాక్టరీల్లాగా స్విచ్ ఉండదు.

సరే, అక్కడి మనుషుల దగ్గరికి వెళ్దాం.

పటంలో ఖాళీగా కనిపించే చోట్ల నేనెట్స్, సామీ, యూపిక్, ఇనుయిట్, సఖా, ఎవెంకీ, ఇంకా ఎన్నో జాతుల వాళ్ళున్నారు. రష్యా ఉత్తర తీరంలోని యామల్ ద్వీపకల్పంలో నేనెట్స్ వాళ్ళు రెయిన్‌డీర్ అనే చలిదేశపు జింకల మందలతో ఏడాదికి వందల కిలోమీటర్లు తిరుగుతారు. ఒక కుటుంబానికి మందే ఇల్లు, వాకిలి, బ్యాంకు, వంటగది. చలికాలంలో రెయిన్‌డీర్లు మెత్తటి మంచును డెక్కలతో తవ్వి, కిందున్న నాచును వాసన పట్టి తింటాయి. ఎంత చలి అయినా వాటికి ఇబ్బంది లేదు. ఇబ్బంది ఎప్పుడంటే, చలికాలం మధ్యలో వాన కురిసినప్పుడు.

2013 నవంబరులో యామల్‌లో అదే జరిగింది. సముద్రం మీద మంచు ఆలస్యంగా కట్టింది, గాలిలో తేమ పెరిగింది, మంచు పడాల్సిన రోజుల్లో వాన పడింది. ఆ తర్వాత చలి విరుచుకుపడింది. మంచు మీద తడిసిన పొర గాజు పలకలా బిగుసుకుపోయింది. డెక్కలు జారుతున్నాయే గానీ దిగడం లేదు. మేత కాళ్ళ కిందే ఉంది, నోటికి అందదు. వసంతం వచ్చేవరకు ఆ పలక కరగలేదు. దాదాపు 61 వేల రెయిన్‌డీర్లు ఆకలితో చచ్చిపోయాయి. మందలు పోయిన కాపరులు అప్పు చేసో, చేపలు పట్టుకునో మళ్ళీ మొదటి నుంచి మంద పెంచుకోవాల్సి వచ్చింది. మూడేళ్ళు తిరక్కుండానే, 2016 ఎండాకాలంలో, అదే యామల్‌లో ఆంత్రాక్స్, అంటే దొమ్మ రోగం, లేచింది. నేల కరిగి, ఎప్పుడో దొమ్మ రోగంతో చచ్చిన జంతువుల అవశేషాల్లోంచి క్రిములు బయటికొచ్చాయని శాస్త్రవేత్తలు భావిస్తున్నారు. రెండు వేలకు పైగా రెయిన్‌డీర్లు పోయాయి. ఒక పన్నెండేళ్ళ పిల్లవాడు కూడా చనిపోయాడు.

ఇప్పుడు చెప్పండి, ఉత్తరం హాయిగా మారుతోందన్న మాట ఆ పిల్లవాడి తల్లి ముందు అనగలమా?

అలాస్కాకు వద్దాం. న్యూటాక్ అని నింగ్లిక్ నది ఒడ్డున ఒక యూపిక్ గ్రామం. మూడున్నర వందల మంది ఉండేవాళ్ళు. కింద నేల కరుగుతోంది, ఒడ్డును నది కోసేస్తోంది, ఏటా సగటున ఇరవై మీటర్లకు పైగా. ఊరివాళ్ళకు ఈ సంగతి కొత్తగా తెలిసింది కాదు. 1990ల్లోనే ఊరు మార్చాలని వాళ్ళే తీర్మానించుకున్నారు. నదికి అవతల, దాదాపు 14 కిలోమీటర్ల దూరంలో గట్టి నేల చూసుకున్నారు, మెర్టార్విక్ అని. ఆ స్థలం ప్రభుత్వ అభయారణ్యంలో ఉంది. భూమి మార్పిడికి 2003లో అమెరికన్ కాంగ్రెస్ చట్టం చేయాల్సి వచ్చింది. సరే, భూమి వచ్చింది. మరి ఇళ్ళు? బడి? కరెంటు? ఇక్కడ పీటముడి పడింది. కొత్తచోట జనం లేరు కాబట్టి బడి కట్టడానికి డబ్బు రాదు. బడి లేదు కాబట్టి జనం వెళ్ళలేరు. పాత ఊరు ఎలాగూ పోయేదే కదా అని అక్కడ మరమ్మతులకు కూడా డబ్బు రాదు. తుపాను వచ్చి ఒక్క రాత్రిలో కొట్టుకుపోతే సాయం చేయడానికి పద్ధతులున్నాయి. రోజూ ఇంత చొప్పున నది తినేస్తుంటే అది విపత్తు లెక్కలోకి రాదు.

మొదటి కుటుంబాలు 2019లో కొత్త ఊరికి వెళ్ళాయి. చివరివాళ్ళు 2024లో వెళ్ళారు. 14 కిలోమీటర్లు జరగడానికి పాతికేళ్ళకు పైగా, పది కోట్ల డాలర్లకు పైగా పట్టింది. అదీ ప్రపంచంలోకెల్లా ధనిక దేశంలో, సొంత పౌరులకు, ఊరంతా ఏకాభిప్రాయంతో అడిగితే.

దీని పక్కన ఇంకొకటి పెట్టి చూడండి. స్వీడన్ ఉత్తరాన కిరునా అనే పట్టణం ఉంది. దాని కింద ఇనుప ఖనిజం గని విస్తరిస్తోంది, నేల కుంగుతోంది. ఊరు మార్చాలని 2004లో నిర్ణయించారు. కొత్త పట్టణ కేంద్రం లేచింది, ఖర్చులో ఎక్కువ భాగం గని భరించింది. 1912 నాటి చెక్క చర్చిని, 672 టన్నుల బరువున్నదాన్ని, ముక్కలు చేయకుండా ట్రాలీల మీదకెక్కించి 2025 ఆగస్టులో ఐదు కిలోమీటర్లు జరిపారు. రోడ్డును వెడల్పు చేసి మరీ తీసుకెళ్ళారు. కిరునాలో బాధలు లేవని కాదు, పాత వీధులు పోయిన దిగులు అక్కడివాళ్ళకు ఉంటుంది, సామీ కాపరులకు గనితో గొడవలున్నాయి. కానీ ఊరు మార్చడం మనిషికి చేతకాని పని కాదని కిరునా చూపించింది. కట్టే చెయ్యి, కారణం వెనక లాభం ఉంటే చర్చి కూడా నడుస్తుంది. న్యూటాక్ వెనక గని లేదు. నాకు ఈ రెండు ఊళ్ళ తేడా కంటే బాధ కలిగించే విషయం ఈ మొత్తం అంశంలో మరొకటి లేదు.

న్యూటాక్ ఉన్న తీరంలోనే మరికొన్ని గ్రామాలకు పాతికేళ్ళ గడువు కూడా దొరకలేదు. 2025 అక్టోబరులో హాలాంగ్ అనే తుపాను అవశేషం కిప్నుక్, క్విగిలింగాక్ అనే గ్రామాల మీద పడింది. ఇళ్ళు పునాదుల మీంచి లేచి తేలుతూ వెళ్ళిపోయాయి, కొన్నింట్లో మనుషులుండగానే. వెయ్యిమందికి పైగా జనాన్ని విమానాల్లో తరలించాల్సి వచ్చింది, చాలామందిని వందల కిలోమీటర్ల దూరంలోని యాంకరేజ్ నగరానికి. రోజూ వేటకు, చేపలకు వెళ్ళే మనుషులు నగరంలోని షెల్టర్లలో మంచాల మీద కూర్చున్నారు. ఉత్తరాన వలస అంటే ఇప్పటికి ఇదే.

ఇక అడవులు. ఉత్తరాది అడవి ఎండితే ఎలా కాలుతుందో 2023లో కెనడా చూసింది. ఆ ఒక్క ఏడాదిలో కోటిన్నర హెక్టార్ల అడవి తగలబడింది. రెండు లక్షల మందికి పైగా ఇళ్ళు ఖాళీ చేశారు. నార్త్‌వెస్ట్ టెరిటరీస్ అనే కెనడా ప్రాంతపు రాజధాని ఎల్లోనైఫ్‌లో ఇరవై వేల మంది ఉంటారు, ఆగస్టులో ఊరు మొత్తం ఖాళీ చేయమన్నారు. దక్షిణానికి వెళ్ళే హైవే ఒక్కటే. కార్లు బారులు తీరాయి, కార్లు లేనివాళ్ళు విమానం కోసం క్యూలు కట్టారు. అంతకు రెండేళ్ళ ముందు, 2021 జూన్ 29న, బ్రిటిష్ కొలంబియాలోని లిటన్ అనే చిన్న ఊళ్ళో 49.6 డిగ్రీలు నమోదైంది. మర్నాడు ఊరు కాలిపోయింది. అందుకే, చల్లటి దేశంలో తలదాచుకుందాం అనేవాళ్ళకు నేను ముందు ఈ రెండు ఊళ్ళ పేర్లు చెప్తాను.

వ్యవసాయం గురించి అడుగుతారు. నిజమే, పంట పండే కాలం ఉత్తరాన పొడవవుతోంది. దక్షిణ గ్రీన్‌లాండ్‌లో బంగాళాదుంపలు పండుతున్నాయి. రష్యా ప్రపంచంలోనే ఎక్కువ గోధుమ ఎగుమతి చేసే దేశంగా ఎదిగింది, అందులో వాతావరణం పాత్ర కొంత ఉంది. కానీ ఉష్ణోగ్రత ఉత్తరానికి జరిగినంత తేలిగ్గా మట్టి జరగదు. గత మంచుయుగంలో కెనడా మీద కిలోమీటర్ల మందం ఉన్న మంచు పలక నెమ్మదిగా కదులుతూ పైమట్టిని గీకి దక్షిణానికి తోసేసింది. అందుకే అమెరికా మధ్య మైదానాల్లో మట్టి అంత లోతు, కెనడా ఉత్తరాన చాలాచోట్ల బండ మీద పల్చటి పొర, లేకపోతే ఆమ్లం నిండిన మట్టి, లేకపోతే చిత్తడి. అలాంటి నేల పొలం కావాలంటే తరాలు పడుతుంది. ఆ చిత్తడిని ఎండగట్టి దున్నితే దానిలో ఉన్న కార్బన్ కూడా బయటికి వస్తుంది. వెలుతురు సంగతి మరోటి. భూమి ఎంత వేడెక్కినా ధ్రువ ప్రాంతంలో డిసెంబరు చీకటి చీకటిగానే ఉంటుంది. ఇక వేడి గాలులు గోధుమనూ వదలవు. 2010లో పశ్చిమ రష్యాను వడగాలులు, కరువు పట్టుకుంటే ఆ ప్రభుత్వం గోధుమ ఎగుమతులే ఆపేసింది.

ఇక వలస. ఇక్కడ అంకెలు చాలా తిరుగుతుంటాయి, జాగ్రత్తగా చూడాలి.

2020లో ఒక ప్రసిద్ధమైన అధ్యయనం వచ్చింది. గత ఆరు వేల ఏళ్ళుగా మనుషులు ఎలాంటి వాతావరణంలో ఎక్కువగా బతుకుతున్నారో లెక్క వేశారు. ఏడాది సగటు 11 నుంచి 15 డిగ్రీలుండే చోట్ల జనం ఎక్కువ పోగుపడ్డారని తేలింది. జనాభా, వేడి ఎంత పెరుగుతాయన్నదాన్ని బట్టి 2070 నాటికి 100 నుంచి 300 కోట్ల మంది మనిషి అలవాటుపడ్డ ఆ వాతావరణానికి బయట ఉండిపోతారని చెప్పారు. మర్నాటికల్లా "300 కోట్ల మంది వలస" అని వార్తలు. అధ్యయనం చెప్పింది అది కాదు. అంతమంది ఉన్నచోట వాతావరణం మనిషికి అలవాటైన హద్దు దాటుతుందని చెప్పింది. ఉంటారా, వెళ్తారా, ఎక్కడికి వెళ్తారన్నది వేరే ప్రశ్న.

ఆ వేరే ప్రశ్న మీద పనిచేసింది ప్రపంచ బ్యాంకు. 2021లో ఇచ్చిన నివేదికలో, ఆరు ప్రాంతాల్లో కలిపి 2050 నాటికి 21 కోట్ల 60 లక్షల మంది దాకా వాతావరణ కారణాల వల్ల కదలవచ్చని అంచనా వేసింది. గమనించండి, వాళ్ళందరూ తమ దేశాల లోపలే. పల్లె నుంచి దగ్గర్లోని పట్నానికి, తీరం నుంచి లోపలికి, ఎండిన మండలం నుంచి నీళ్ళున్న మండలానికి. ఇప్పటికే జరుగుతున్నది ఇదే. 2024లో విపత్తుల వల్ల దేశాల లోపలే ఇల్లు వదలాల్సి వచ్చిన సందర్భాలు 4 కోట్ల 58 లక్షలు. వాళ్ళలో ఎక్కువమంది నీళ్ళు తగ్గాక వెనక్కి వెళ్ళి అదే గోడ మళ్ళీ లేపుకుంటారు.

ఎందుకు దూరం వెళ్ళరు? డబ్బు లేక. ఈ ముక్క కాస్త విడమరచి చెప్పాలి. వలస వెళ్ళడానికి కూడా పెట్టుబడి కావాలి. కాగితాలకు, ప్రయాణానికి, అక్కడ మొదటి మూడు నెలల తిండికి. వరసగా రెండేళ్ళు పంట పోయిన ఇంట్లో అమ్ముకోవడానికి ఉన్నది పశువులు, గింజలు. ముందు అవి పోతాయి. అవి పోయాక కదలాలన్నా కదలలేరు. వేడి పెరిగేకొద్దీ బాగా పేదవాళ్ళు వెళ్ళడం తగ్గే అవకాశం కూడా ఉంది. కోట్లమంది ఉత్తర సరిహద్దుల మీద విరుచుకుపడతారన్న భయాన్ని ఓట్లుగా మార్చుకునేవాళ్ళు ఈ సంగతి ఎప్పుడూ చెప్పరు. నన్నడిగితే, వచ్చేవాళ్ళ గురించి కంటే రాలేక ఉండిపోయేవాళ్ళ గురించి ఎక్కువ టెన్షన్ పడాలి.

చట్టం కూడా వాళ్ళ పక్షాన లేదు. 1951 శరణార్థుల ఒప్పందం ప్రకారం జాతి, మతం, జాతీయత, రాజకీయ అభిప్రాయం, ఒక సామాజిక వర్గానికి చెందడం, వీటి వల్ల హింసకు గురయ్యేవాళ్ళే శరణార్థులు. సముద్రం హింసించినట్టు నిరూపించలేం కదా. కిరిబాటి ద్వీపదేశం నుంచి వచ్చిన ఇయోనే టెయిటియోటా అనే ఆయన న్యూజిలాండ్‌లో ఆశ్రయం అడిగి ఓడిపోయాడు. ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల కమిటీ 2020లో ఆయన కేసును కూడా ఒప్పుకోలేదు. అయితే వాతావరణ మార్పు వల్ల ప్రాణానికి ముప్పున్న చోటుకు మనిషిని తిప్పి పంపడం హక్కుల ఉల్లంఘన కావచ్చని ఒక మాట మాత్రం రాసింది. ఆ ఒక్క మాట మీద ఇవాళ చాలామంది న్యాయవాదులు ఆశ పెట్టుకున్నారు. పసిఫిక్ సముద్రంలోని చిన్న ద్వీపదేశం టువాలుతో ఆస్ట్రేలియా చేసుకున్న ఒప్పందం ఇంకో దారి చూపించింది. 2024లో అమల్లోకి వచ్చింది, ఏటా 280 మంది టువాలు పౌరులు ఆస్ట్రేలియాలో స్థిరపడవచ్చు. 2025లో మొదటి విడత తెరిస్తే ఆ చిన్న దేశంలో మూడోవంతుకు పైగా జనం కొద్ది రోజుల్లోనే పేర్లు నమోదు చేసుకున్నారు. తలుపు సవ్యంగా తెరిస్తే జనం వరసలో నిలబడతారు, గోడలు దూకరు.

ఉత్తరాది దేశాలకు మనుషుల అవసరం ఉంది, ఇది మర్చిపోకూడదు. ఫిన్లాండ్‌లో ఒక స్త్రీకి సగటున దాదాపు 1.3 మంది పిల్లలే. ముసలివాళ్ళను చూసుకోవడానికి, బస్సులు నడపడానికి, ఇళ్ళు కట్టడానికి చేతులు చాలడం లేదు. అయినా కెనడా 2024 చివర్లో, ఇళ్ళ అద్దెలు పెరిగిపోయాయన్న ఆందోళనతో, 2025కి అనుకున్న 5 లక్షల శాశ్వత నివాసాల లక్ష్యాన్ని 3,95,000కు తగ్గించింది. ప్రపంచంలో రెండో అతి పెద్ద దేశంలో చోటు చాలలేదు! భూమి లేక కాదు. గది లేక, నర్సు లేక, బస్సు లేక. మనిషి బతికేది చదరపు కిలోమీటర్ల మీద కాదు, వాటి మీద.

మనిషిని ఉత్తరానికి తోసి నిలబెట్టవచ్చా అన్నదానికి సోవియట్ యూనియన్ పెద్ద ప్రయోగమే చేసింది. మొదట ఖైదీలతో, తర్వాత రెట్టింపు జీతాలతో నగరాలు లేపింది. ఆ జీతాలు ఆగిన రోజు జనం దిగిపోయారు. రష్యా ఈశాన్య కొసన ఉన్న చుకోట్కాలో 1989 లెక్కల్లో 1,64,000 మంది ఉంటే, 2021 నాటికి 50 వేలు కూడా లేరు. ఆ ముప్పై ఏళ్ళలో అక్కడ చలి తగ్గింది. జనం పెరగలేదు. 2016లో రష్యా ప్రభుత్వం దూరప్రాచ్యంలో మనిషికి ఒక హెక్టారు ఉచితంగా ఇస్తామంది. తీసుకున్నవాళ్ళున్నారు గానీ, ఆ ప్రాంతం నుంచి జనం తరిగిపోవడం దానితో ఆగలేదు.

కాబట్టి నా అంచనా ఇది. ఉత్తరాది దేశాలకు వలస పెరుగుతుంది, కానీ టండ్రాకు కాదు. ఇప్పటికే ఆసుపత్రులు, కాలేజీలు, పనులు ఉన్న వాటి దక్షిణ నగరాలకే. ఆర్కిటిక్‌లోకి వెళ్ళేవాళ్ళు ఓడల వెంట, గనుల వెంట, సైనిక స్థావరాల వెంట వెళ్తారు, కాంట్రాక్టు మీద వెళ్తారు, వెనక్కి వస్తారు. ఆసియాకూ ఐరోపాకూ మధ్య ఉత్తర సముద్ర మార్గంలో దూరం చాలా తగ్గుతుంది, రష్యా ఆ దారిలో 2023లో 3 కోట్ల 60 లక్షల టన్నుల సరుకు తిప్పింది. అందులో ఎక్కువ భాగం చమురు, గ్యాస్. మంచును కరిగించిన ఇంధనాన్నే, మంచు కరిగిన దారిలో తీసుకెళ్తున్నారు.

ఇందాక ఒక అమ్మాయి చీటీ పంపింది. "మరి ఇప్పుడు ఏం చెయ్యాలి, ఆపడానికా, వెళ్ళడానికా దేనికి సిద్ధపడాలి?" అని. మంచి ప్రశ్నమ్మా. రెంటికీ. ప్రపంచ బ్యాంకు నివేదికలోనే ఇంకో అంకె ఉంది. ఉద్గారాలు త్వరగా తగ్గించి, పేద ప్రాంతాల అభివృద్ధి మీద దృష్టి పెడితే ఆ 21 కోట్ల 60 లక్షల్లో 80 శాతం దాకా తగ్గించవచ్చని. అంటే పదిమందిలో ఎనిమిదిమంది తమ ఊళ్ళో తాము ఉండగలుగుతారు. ఎక్కువమంది కోరుకునేది అదే. మిగిలిన ఇద్దరికీ దారి కావాలి. తుపాను వచ్చాక టెంట్లు వేయడం కాకుండా, న్యూటాక్‌లా ముందే అడిగే ఊళ్ళకు ముందే డబ్బిచ్చే చట్టం కావాలి. నది కొంచెం కొంచెంగా తినేయడాన్ని కూడా విపత్తుగా లెక్కించాలి. కొత్త స్థలం ఏదో ఆ ఊరివాళ్ళు ఎంచుకోవాలి, న్యూటాక్‌వాళ్ళు ఎంచుకున్నట్టే. ఉత్తరాన కొత్త రేవు, కొత్త గని, కొత్త రోడ్డు అన్నప్పుడు అక్కడ మందలు తిప్పే మనిషి సంతకం లేకుండా కాగితం కదలకూడదు. చివరి మాట వినడానికి చిన్నదిగా ఉంటుంది గానీ, ప్రస్తుతం ఏ ఆర్కిటిక్ దేశంలోనూ అది పూర్తిగా అమల్లో లేదు. మీలో లా చదివేవాళ్ళుంటే, పని అక్కడుంది.

వెనక వరసలో ఇందాకటి నుంచి చెయ్యెత్తి ఉన్నారు, మైకు వాళ్ళకివ్వండి.